ఐర్లండు దేశమున 1798వ సంవత్సరపు తిరుగుబాటు

ఐర్లండు ప్రజలలో అధికసంఖ్యాకులు కాథలికులు. అయినను పదునెనిమిదవ శతాబ్దమున వారికి శాసనసభలో స్థానము లేకుండెను. భూమి కొనుటకును, ఆయుధము ధరించుటకును చిరకాలము నిషేధములుండెను. ఉత్తరమున నున్న ప్రెస్బిటీరియనులు ప్రొటెస్టంటులే యయ్యును, తమది కాని రాజమతమునకు దశమభాగము చెల్లింపవలసివచ్చెను. బాధితు లిరువురే; కాని వారిలో వారికి పొత్తు లేదు.

ఇట్లుండగా 1791 అక్టోబరులో బెల్‌ఫాస్టునందు ఐక్య ఐరిషు సంఘము వెలసెను. దానికి ప్రాణభూతుడు వుల్ఫ్ టోను. ఈతడు రాజమతస్థుడు, న్యాయవాది. తన వర్గమునకు జన్మముచే లభించిన యాధిక్యమును ఇతరులతో పంచుకొనవలెనని వాదించుట యాతని విశేషము. మతభేదములను దెలుపు పేర్లన్నిటికి మారుగా ఐరిషువాడను నొక్క పేరు చాలునని యాతని యభిప్రాయము.

1796 డిసెంబరులో టోను ఫ్రెంచి నావలపై రమారమి 15,000 మంది సైనికులతో బంట్రీ అఖాతము జేరెను. తీరము కన్నులయెదుట నుండియు పెనుగాలి వారిని దిగనీయలేదు.

పిమ్మట ప్రభుత్వము కొరడాదెబ్బలతోను, ఇండ్లు తగులబెట్టుటతోను జనులను పీడింపగా, 1798 మే మాసమున తిరుగుబాటు చెలరేగెను. వెక్సుఫర్డున జాన్ మర్ఫీ యను కాథలిక పురోహితుడును, ఆంట్రిమున హెన్రీ జాయ్ మక్రాకెను అను ప్రెస్బిటీరియనుడును నాయకులైరి. సంఘము కోరినది ఇదియే గదా! కాని జూను 5వ తేదీన స్కల్లబోగ్ గ్రామమున తిరుగుబాటుదారులు నూరుమందికి పైగా బందీలను, స్త్రీబాలురతో గూడ, ధాన్యపుకొట్టమున మూసి దహించిరి. వారిలో పెక్కురు ప్రొటెస్టంటులు. సర్కారుసేనల క్రౌర్యము నెంత చెప్పినను ఈ కార్యము సమర్థనీయము కాదు. ఐక్యమునకు శత్రుసేనకంటె నిదియే యెక్కువ చేటు తెచ్చెనని నా తలంపు.

జూను 21న వినిగర్ కొండయొద్ద తిరుగుబాటుసేన యోడెను. అప్పటికి ఐర్లండున రాజప్రతినిధిగా వచ్చినవాడు కారన్‌వాలిసు. 1792లో టిప్పుసుల్తానును సంధికి లొంగదీసినవాడును, 1793లో వంగదేశమున శాశ్వత పరిష్కారము నెలకొల్పినవాడును నితడే. ఆ పద్ధతియే 1802 మొదలుకొని మన ఉత్తర సర్కారులకును వచ్చెను. బడిలో ఆయన పేరు పిల్లలచే నెన్నియో మారులు వల్లెవేయించితిని. ఆయన ఐర్లండునకు బోయిన సంగతి మాత్రము చాలకాలము నేనే యెరుగనైతిని.

ఆగస్టులో ఫ్రెంచి సేనాని హంబర్టు వేయిమందితో దిగి, కాసిల్‌బారున గెలిచి, సెప్టెంబరు 8న లొంగిపోయెను. అక్టోబరులో టోను నావపై పట్టుబడెను. సైనికునివలె తన్ను తుపాకితో గాల్చుడని యాతడు వేడెను. న్యాయస్థానము ఉరిశిక్షయే విధించెను. చెరసాలలో తన కంఠమును తానే కోసికొని, నవంబరు 19న మరణించెను. 1801లో ఐర్లండు ప్రత్యేక శాసనసభ రద్దయ్యెను. కాథలికులు బ్రిటిషు పార్లమెంటున గూర్చుండుటకు 1829 వరకు వేచియుండవలసివచ్చెను.