భోగరాజు పట్టాభి సీతారామయ్య: బ్యాంకింగ్ నుంచి రాష్ట్ర పాలనలోకి

భోగరాజు పట్టాభి సీతారామయ్య (1880 నవంబరు 24 – 1959 డిసెంబరు 17) ఆంధ్రా బ్యాంకు వ్యవస్థాపకుడు, స్వాతంత్ర్య సమరయోధుడు, మధ్యప్రదేశ్ గవర్నరు. ప్రైవేటు బ్యాంకులు, బీమా కంపెనీలు నెలకొల్పి, ఆ తర్వాత రాష్ట్ర ప్రభుత్వంలో అత్యున్నత పదవి చేపట్టిన తెలుగువారిలో ముందుగా చెప్పుకోవాల్సిన పేరు ఆయనది.

ప్రస్తుత ఏలూరు జిల్లాలోని గుండుగొలను ఆయన స్వగ్రామం. మద్రాసులో వైద్యం చదివి బందరులో ప్రాక్టీసు పెట్టారు. జాతీయోద్యమం కోసం దాన్ని వదులుకున్నారు.

కాలువల సేద్యంతో కృష్ణా, గోదావరి డెల్టాల్లో పంటలు పెరిగాయి, వ్యాపారమూ పెరిగింది. అప్పు పుట్టాలంటే మాత్రం రైతుకు షావుకారే దిక్కు. ఈ లోటు తీర్చడానికి వచ్చినవే బందరు సంస్థలు. ఆంధ్రా బ్యాంకు 1923 నవంబరు 20న రిజిస్టరై, అదే నెల 28న లావాదేవీలు మొదలుపెట్టింది. అధీకృత మూలధనం 10 లక్షల రూపాయలు, చెల్లించిన మూలధనం లక్ష. 1925లో ఆంధ్రా ఇన్సూరెన్స్ కంపెనీ, 1929లో భారతలక్ష్మీ బ్యాంకు వచ్చాయి. ఒక జిల్లా కేంద్రంలో కూర్చుని, ఆరేళ్ళలో రెండు బ్యాంకులు, ఒక బీమా కంపెనీ నిలబెట్టడం ఆ రోజుల్లో సామాన్యమైన పని కాదు. ఆయన చేసిన పనులన్నిటిలో ఎక్కువ కాలం నిలిచింది ఇదే.

1939లో కాంగ్రెస్ అధ్యక్ష ఎన్నికలో సుభాష్ చంద్రబోస్ చేతిలో ఓడారు, 1948లో గెలిచారు. నెహ్రూ, వల్లభభాయ్ పటేల్‌లతో కలిసి ఆయన సభ్యుడిగా ఉన్న జేవీపీ కమిటీ 1949లో భాషా రాష్ట్రాలను వాయిదా వేయమంది. ఆంధ్ర విషయంలో మాత్రం మద్రాసు నగరాన్ని వదులుకోవాలన్న షరతు పెట్టింది. 1952 డిసెంబరు 15న ఆంధ్ర రాష్ట్రం కోసం పొట్టి శ్రీరాములు ఆత్మార్పణ చేసే నాటికి పట్టాభి మధ్యప్రదేశ్ గవర్నరుగా నాగపూర్ రాజభవనంలో ఉన్నారు.

గవర్నరుగా ఆయన 1952 జూలై నుంచి 1957 జూన్ వరకు పనిచేశారు. ఇక్కడ అధికార పరిధిని గమనించాలి. రాజ్యాంగం 158వ అధికరణ ప్రకారం గవర్నరు లాభదాయకమైన వేరే పదవిలో ఉండకూడదు. 202వ అధికరణ ప్రకారం వార్షిక బడ్జెట్ ఆయన పేరునే శాసనసభ ముందుకు వస్తుంది. 207 ప్రకారం ద్రవ్య బిల్లుకు ఆయన సిఫారసు ఉండాలి. అయితే పన్ను ఎంత వేయాలో, ఖర్చు ఎక్కడ పెట్టాలో తేల్చేది మంత్రివర్గమే. ఆ కాలంలో చాలాభాగం ముఖ్యమంత్రి రవిశంకర్ శుక్లా. డబ్బు వ్యవహారం అంత బాగా తెలిసిన మనిషికి ఖజానా మీద నిర్ణయాధికారం లేని పదవి దక్కింది. అది గౌరవమే గాని, ఆ అనుభవానికి తగిన వినియోగం కాదు.

పోలికకు, అలాంటి అనుభవం ఉన్న మనిషికే ఖజానా అప్పగించిన ఆంధ్ర పొరుగు రాష్ట్రం తమిళనాడును చూడవచ్చు. లేమన్ బ్రదర్స్‌లోనూ స్టాండర్డ్ చార్టర్డ్ బ్యాంకులోనూ పనిచేసిన పళనివేల్ త్యాగరాజన్ 2016లో శాసనసభకు ఎన్నికై, 2021 మే నుంచి రెండేళ్ళు ఆర్థికమంత్రిగా ఉన్నారు. పదవి చేపట్టిన మూడు నెలలకే రాష్ట్ర అప్పుల మీద శ్వేతపత్రం విడుదల చేశారు.

పట్టాభి పదవీకాలంలో 1956 కీలకమైన సంవత్సరం. ఆ ఏడాది జీవిత బీమా జాతీయమై, సెప్టెంబరు 1న ఎల్ఐసీ ఏర్పడింది. ప్రైవేటు కంపెనీల జీవిత బీమా వ్యాపారమంతా దాని చేతికి వెళ్ళింది. నవంబరు 1న రాష్ట్రాల పునర్వ్యవస్థీకరణతో నాగపూర్ బొంబాయి రాష్ట్రంలో కలిసింది, మధ్యప్రదేశ్ రాజధాని భోపాల్ అయింది. ఆంధ్రప్రదేశ్ అవతరించిందీ ఆ రోజే.

భారతలక్ష్మీ బ్యాంకు 1964లో ఆంధ్రా బ్యాంకులో కలిసింది. ఆంధ్రా బ్యాంకు 1980 ఏప్రిల్ 15న జాతీయమై, 2020 ఏప్రిల్ 1న యూనియన్ బ్యాంక్ ఆఫ్ ఇండియాలో విలీనమైంది.