బూటు లోపల కనపడని కథ

క్లయింట్ విజిట్ ఉన్న రోజే నా బూటు సోలు నోరు తెరిచింది. మూడు వేలు పోసి కొన్న ఫార్మల్ షూ. ఏడాది కూడా నిండలేదు. కాన్ఫరెన్స్ రూములో ఆ కాలు బల్ల కింద దాచుకుని రెండు గంటలు కూర్చున్నాను. ప్రెజెంటేషన్‌కి లేచి నిలబడాల్సి వచ్చినప్పుడు నా అవస్థ మీరే ఊహించుకోండి :)

సాయంత్రం మా ఆఫీసు దగ్గర చెట్టు కింద కూర్చునే తాత దగ్గరికి తీసుకెళ్ళాను. ఆయన బూటుని రెండుసార్లు వంచి చూసి, "ఇది కుట్టింది కాదు సారూ, అతికించింది. అంచు చుట్టూ కనపడే కుట్టు ఉత్త బొమ్మ" అన్నాడు. చూస్తే నిజమే. ఆ దారం సోలుకీ పైతోలుకీ మధ్య ఎక్కడా దిగలేదు. అలంకారానికి పెట్టారంతే.

అదే వారం మా పాత రూమ్మేట్ ఫోన్ చేశాడు. ఉద్యోగం మానేసి, మగవాళ్ళ లెదర్ ఫార్మల్ షూస్ హోల్‌సేల్‌గా కొని విజయవాడ, గుంటూరు షాపులకి సప్లై చేస్తాడట. "మంచి సరుకు ఎక్కడ దొరుకుతుందో కాస్త వెతికి పెట్టరా" అన్నాడు. తీరా వెతకడం మొదలుపెట్టాక, ఎక్కడ దొరుకుతుందన్న ప్రశ్న కంటే "మంచి సరుకు అంటే ఏమిటి, దాన్ని టోకున కొనేవాడికి ఎలా తెలుస్తుంది?" అన్నదే పెద్ద ప్రశ్న అని అర్థమైంది. ఆ తీగ లాగితే నాలుగొందల ఏళ్ళ డొంక కదిలింది. అందులో మన తంగేడు చెట్టు కూడా ఉంది!

ముందు షూ లోపలికి వెళ్దాం. షూ ఆకారాన్ని నిర్ణయించేది లాస్ట్ అనే అచ్చు. పైతోలుని దాని మీదికి లాగి బిగిస్తారు. తర్వాత కింద సోలుని కలపడానికి ముఖ్యంగా మూడు పద్ధతులు. ఒకటి, జిగురుతో అతికించడం. చవక, తేలిక. రెండోది బ్లేక్ కుట్టు. లోపలి అట్ట నుంచి కింది సోలు దాకా ఒకే కుట్టు దిగుతుంది. షూలో చెయ్యి పెడితే ఆ కుట్టు తగులుతుంది. మూడోది వెల్ట్ పద్ధతి. ఒక సన్నటి తోలు పట్టీని ముందు పైతోలుకీ లోపలి సోలుకీ కలిపి కుడతారు, కింది సోలుని మళ్ళీ ఆ పట్టీకి వేరే కుట్టుతో కలుపుతారు. మధ్యలో ఖాళీ జాగాని కార్క్‌తో నింపుతారు. సోలు అరిగితే కింది కుట్టు విప్పి కొత్త సోలు వేసుకోవచ్చు, పైభాగం చెక్కు చెదరదు. మన భాషలో చెప్పాలంటే మాడ్యులర్ డిజైన్ అన్నమాట.

చిక్కేమిటంటే, ఈ మూడూ షాపు అద్దాల వెనక ఒకేలా మెరుస్తాయి. నాణ్యత అంతా కనపడని చోట ఉంటుంది. ఒక జత కొనేవాడు మోసపోతే మూడు వేలు పోతాయి. పదివేల జతలు కొనేవాడు మోసపోతే? బూట్ల టోకు వ్యాపారం చరిత్ర చాలావరకు ఈ భయం చుట్టూనే తిరిగింది.

బూట్ల ఊరు అనగానే ఇంగ్లండులో నార్తాంప్టన్ పేరు చెప్తారు. చుట్టుపక్కల పశువుల సంతలు, తోలు ఊనడానికి కావలసిన ఓక్ చెట్ల బెరడు, నీళ్ళు.. అన్నీ అక్కడ దొరికేవి. 1642లో థామస్ పెండిల్టన్ అనే అతని నాయకత్వంలో అక్కడి పనివాళ్ళు ఐర్లండ్ వెళ్ళే సైన్యానికి 4,000 జతల షూలు, 600 జతల బూట్లు సప్లై చేసే కాంట్రాక్టు పట్టారు. సరుకు వెళ్ళింది. డబ్బు కోసం మాత్రం ఏళ్ళ తరబడి అర్జీలు పెట్టుకోవలసి వచ్చింది. పేమెంట్ సైకిల్ బాధలు ఇప్పుడు మొదలైనవి కావన్నమాట!

సైన్యానికి ఇంకో బాధ: శాంపిల్ ఒకటి, సరుకు ఇంకొకటి. దీనికి బ్రిటిష్ సైన్యం వాడిన మందు "సీల్డ్ ప్యాటర్న్". ఒప్పుకున్న నమూనాకి లక్క సీలు వేసి దాచిపెట్టేవాళ్ళు. కాంట్రాక్టర్ పంపిన సరుకుని దానితో పోల్చి, తేడా వస్తే తిప్పి పంపేవాళ్ళు. ఇవాళ్టికీ టోకు వ్యాపారంలో సీల్డ్ శాంపిల్ అనే మాట నడుస్తోంది.

నమ్మకం కోసం వచ్చిన రెండో దారి యంత్రం. మనిషి మనిషికీ చేతి కుట్టు మారుతుంది, యంత్రం కుట్టు మారదు. అమెరికాలో లైమన్ బ్లేక్ 1858లో సోలు కుట్టే యంత్రానికి పేటెంట్ తీసుకున్నాడు. గోర్డన్ మెకే అనే వ్యాపారి దాన్ని కొని, ఫ్యాక్టరీల దగ్గర జతకి ఇంత అని రాయల్టీ వసూలు చేశాడు. 1861-65 అంతర్యుద్ధంలో సైనికుల బూట్లు ఆ యంత్రం మీద గుట్టలుగా తయారయ్యాయి. 1870లలో చార్లెస్ గుడ్‌ఇయర్ జూనియర్ వెల్ట్ కుట్టు యంత్రాన్ని వాడకంలోకి తెచ్చాడు. రబ్బరుని వల్కనైజ్ చేసిన గుడ్‌ఇయర్ కొడుకే ఇతను (టైర్ల కంపెనీకి మాత్రం వీళ్ళతో సంబంధం లేదు, పేరు పెట్టుకున్నారంతే). ఇప్పటికీ ఖరీదైన షూల మీద కనిపించే "గుడ్‌ఇయర్ వెల్టెడ్" అనే మాట ఇతని పేరే.

తోలుని అచ్చు మీద లాగి బిగించే పనికి మాత్రం యంత్రం కుదరదనే అందరూ అనుకునేవారు. ఆ పని చేసేవాళ్ళకి ఫ్యాక్టరీలో రాజభోగం. సురినామ్‌లో ఒక నల్లజాతి తల్లికి పుట్టి, మసాచుసెట్స్‌లోని లిన్ ఊరికి కూలికి వచ్చిన యాన్ మట్సెలిగర్ 1883లో దానికీ యంత్రం కనిపెట్టాడు. చేత్తో రోజుకి 50 జతలయ్యే పని 150 నుంచి 700 జతల దాకా పెరిగింది. షూ ధరలు తగ్గాయి. ఆయన మాత్రం 1889లో, 36 ఏళ్ళకే క్షయతో పోయాడు.

1899లో ఈ యంత్రాల కంపెనీలన్నీ కలిసి యునైటెడ్ షూ మెషినరీ అనే ఒకే కంపెనీ అయ్యాయి. ముఖ్యమైన యంత్రాలు అమ్మేది కాదు, లీజుకి మాత్రమే ఇచ్చేది. రిపేర్లూ వాళ్ళవే. ఇది చదువుతుంటే ఎక్కడో విన్నట్టు లేదూ? సాఫ్ట్‌వేర్ లైసెన్సు, సబ్‌స్క్రిప్షన్, వెండర్ లాక్-ఇన్.. అన్నీ మనమే కనిపెట్టామనుకున్నాను నేను! 1953లో అమెరికన్ కోర్టు ఇది గుత్తాధిపత్యమని తేల్చి, యంత్రాలు అమ్మకానికి కూడా పెట్టమంది. మరుసటి ఏడాది సుప్రీంకోర్టు ఆ తీర్పుని సమర్థించింది.

సరే, కుట్టు సంగతి అయింది. మరి తోలు? ఇక్కడే కథ మన ఇంటికొస్తుంది.

తంగేడు పువ్వంటే మనకి బతుకమ్మ గుర్తొస్తుంది. ఇంగ్లీషులో ఆ చెట్టుని టానర్స్ కాసియా అంటారు, అంటే తోళ్ళు ఊనేవాళ్ళ చెట్టు అని. మన ఊళ్ళలో మాదిగలు తంగేడు చెక్క, కరక్కాయలతో లందలో తోలు ఊని, ఆరె రంపెలతో కిర్రు చెప్పులూ, బావుల్లో నీళ్ళు తోడే మోట బానలూ తయారుచేసేవాళ్ళు. రైతు దానికి బదులు ధాన్యం కొలిచేవాడు. చచ్చిన పశువు తోలు వాళ్ళ హక్కు. ఊరు వాళ్ళ చేతి పని వాడుకుంది, మనుషుల్ని మాత్రం ఊరి బయటే ఉంచింది.

పంతొమ్మిదో శతాబ్దంలో ఈ తోలు ఓడెక్కింది. మన పశువులు చిన్నవి కాబట్టి వాటి తోళ్ళని "కిప్స్" అన్నారు. మద్రాసు రాజధానిలో తంగేడు చెక్కతో ఊని, కరక్కాయతో మెరుగుపెట్టిన తోళ్ళు "ఈస్టిండియా కిప్స్" పేరుతో లండన్ వేలంపాటల్లో అమ్ముడయ్యేవి. అక్కడివాళ్ళకి వాటిలో నచ్చిన గుణం ఏమిటో తెలుసా? మన ఊనకం తేలికైనది. కావాలంటే ఆ పసరు తీసేసి, తమకి నచ్చినట్టు మళ్ళీ ఊని, నూనె పట్టించి, రంగు వేసుకోవచ్చు. ఆ తర్వాత అది ఇంగ్లీషు షూ. మన పని లోపల ఉంది, పేరు మాత్రం ఎక్కడా లేదు.

తోలుకి ఎగుమతి ధర రావడంతో ఊళ్ళలోనూ లెక్క మారింది. నిన్నటిదాకా ఎవరూ ముట్టని తోలు మీద ఇప్పుడు వ్యాపారుల కన్ను పడింది. మొదటి ప్రపంచయుద్ధం వచ్చేసరికి ప్రభుత్వమే ఈ కిప్స్ వ్యాపారాన్ని చేతిలోకి తీసుకుంది. బ్రిటిష్ సైనికుల బూట్ల పైభాగాలకి అవి అంత అవసరమయ్యాయి.

మధ్యలో ఒక మంచి ప్రయత్నం జరిగింది. క్రోమియం లవణాలతో తోలు ఊనే పద్ధతి అప్పటికే అమెరికాలో మొదలైంది. వారాల పని రోజుల్లో అయిపోతుంది, తోలు నీళ్ళకీ తట్టుకుంటుంది. ఆల్‌ఫ్రెడ్ చాటర్టన్ అనే ఇంజనీరు 1903లో మద్రాసులో దాని మీద ప్రయోగాలు మొదలుపెట్టాడు. ఆ తోలుకి ఆయన చూపిన మొదటి ఉపయోగాల్లో ఒకటి మన మోట బానే! కానీ ప్రభుత్వం పరిశ్రమలు నడపకూడదని 1910లో లండన్ నుంచి మోర్లీ తాఖీదు పంపడంతో ఆ టానరీని ప్రభుత్వం వదులుకుంది. చెన్నైలో క్రోంపేట అనే పేరు తర్వాత వచ్చిన క్రోమ్ లెదర్ కంపెనీ వల్లనే వచ్చింది. అక్కడ పీజీల్లో ఉండే మనవాళ్ళలో ఎంతమందికి తెలుసో!

1919లో పచ్చి తోళ్ళ ఎగుమతి మీద 15 శాతం సుంకం వేశారు. ఇక్కడి పరిశ్రమ కోసమే అనుకునేరు. బ్రిటిష్ సామ్రాజ్యంలో ఊనే తోళ్ళకి అందులో మూడింట రెండు వంతులు తిరిగి ఇచ్చేసేవారు. యుద్ధానికి ముందు ఆ వ్యాపారంలో జర్మన్ కంపెనీలది పైచేయి. అది మళ్ళీ వాళ్ళ చేతికి పోకూడదన్నది అసలు లెక్క.

స్వాతంత్ర్యం వచ్చాక 1948లో మద్రాసులో కేంద్ర తోలు పరిశోధన సంస్థ పునాది పడింది. 1958 నుంచి 1971 దాకా దానికి డైరెక్టరు ఎవరనుకున్నారు? మన తెనాలి దగ్గర యలవర్రులో పుట్టిన యలవర్తి నాయుడమ్మ గారు. రైతు కుటుంబం నుంచి వచ్చి, ఊరు అంటరానిదన్న పనిని శాస్త్రం చేసుకున్నారు. తోళ్ళు పచ్చివిగా, సగం ఊనినవిగా అమ్ముకుంటే ఎప్పటికీ కూలే మిగులుతుందనీ, పూర్తి చేసిన తోలూ షూలూ అమ్మాలనీ పట్టుబట్టినవాళ్ళలో ఆయన ముఖ్యుడు. 1972లో వేసిన సీతారామయ్య కమిటీ కూడా ఆ దారే చూపించింది. సగం ఊనిన తోళ్ళ ఎగుమతికి కోటాలు వచ్చాయి, పూర్తయిన సరుకుకి ప్రోత్సాహకాలు వచ్చాయి. ఆంబూరు, వాణియంబాడి, రాణిపేటల్లో షూ ఫ్యాక్టరీలు పెరగడానికి ఇదొక ముఖ్య కారణం. నాయుడమ్మ గారు 1985 జూన్ 23న కనిష్క విమానం పేలుడులో పోయారు.

ఇక్కడితో ఆపేస్తే సుఖాంతం. కానీ ఆ ఊళ్ళన్నీ పాలారు ఒడ్డునో దగ్గర్లోనో ఉన్నాయి. మన కుప్పం మీదుగా తమిళనాడులోకి వెళ్ళే నది అది. టానరీల నీళ్ళతో బావులూ పొలాలూ పాడైపోయాయి. 1996లో వెల్లూరు పౌరుల సంఘం వేసిన కేసులో సుప్రీంకోర్టు "కాలుష్యం చేసినవాడే కట్టాలి" అనే సూత్రాన్ని మన చట్టంలో భాగమని చెప్పింది. 2025 జనవరిలో అదే పాలారు మీద అదే కోర్టు మళ్ళీ పరిహారం గురించి ఆదేశాలు ఇవ్వాల్సి వచ్చింది. మధ్యలో దాదాపు ముప్పై ఏళ్ళు. బూటు ధరలో ఆ బావుల ఖరీదు ఇంకా పూర్తిగా చేరలేదన్నమాట.

మా రూమ్మేట్‌కి చివరికి నేను చెప్పింది ఇది. ఒక జత ఎంతకిస్తారో అడిగే ముందు, ఒక జతని నీ ఎదురుగా అడ్డంగా కోయించు. కుట్టు నిజమైనదో బొమ్మో తేలిపోతుంది. వెల్టెడ్ అన్నా సరే, లోపలి అట్టకి కుట్టు పట్టే గట్టుని చాలా ఫ్యాక్టరీల్లో జిగురుతోనే అతికిస్తారు, అదీ చూడు. తోలు అసలు పొర ఉన్నదా, గీతలు కనపడకుండా గీకి పైన రంగు పూసిందా అని అడుగు (మన పశువులకి వాతలు పెట్టే అలవాటు వల్ల ఈ గీకుడు ఎక్కువ). శాంపిల్‌కి సీలు వేసి ఒకటి నీ దగ్గర, ఒకటి వాళ్ళ దగ్గర ఉంచు. క్రోమియం పరీక్ష కాగితం అడుగు. యూరప్ 2015 నుంచి హెక్సావలెంట్ క్రోమియం కిలోకి 3 మిల్లీగ్రాములు దాటితే ఒప్పుకోవట్లేదు, మన కాళ్ళు మాత్రం ఏం పాపం చేశాయి? టానరీ నీళ్ళు ఎక్కడికి పోతాయో కూడా అడుగు. అడిగేవాడు లేకే ఇంతకాలం నడిచింది.

"ఇవన్నీ అడిగితే రేటు పెరుగుతుంది కదరా" అన్నాడు వాడు. పెరుగుతుంది. అదే అసలు రేటు. ఇన్నాళ్ళూ ఆ తేడాని లంద దగ్గర నిలబడ్డవాళ్ళూ, పాలారు ఒడ్డున బావి ఉన్నవాళ్ళూ కట్టారు.

ఇంకొక్క మాట. సగం ఊనిన తోలు లండన్‌కి పంపి, అక్కడ పేరు పడ్డాక మనమే మురిసిపోయి కొనుక్కునే కథ చదువుతుంటే, మనం రాసే కోడు గుర్తొచ్చింది. లోపల పని మనది, పైన లోగో ఇంకొకరిది. తోలు వాళ్ళు ఆ ఒక్క మెట్టు ఎక్కడానికి వందేళ్ళు పట్టింది. మనం ఏ మెట్టు మీద ఉన్నామంటారు?

అన్నట్టు, నా బూటుకి తాత చుట్టూ నిజం కుట్టు వేసిచ్చాడు. ఎనభై రూపాయలు తీసుకున్నాడు. ఇప్పటిదాకా నోరు తెరవలేదు.