కుదువ వ్యాజ్యములు - న్యాయస్థానముల యెల్లలు

అప్పు తీర్పనివానిపై ధనికుఁడు ఏ కోర్టున వ్యాజ్యము వేయవలెను? ఈ ప్రశ్న చూచుటకు స్వల్పమైనది. కాని ప్రతివాది తన సాక్షులను నిలుపుకొనఁగలుగునో, దారిబత్తెమునకై మరల నప్పు చేయవలసివచ్చునో దీనివలననే తేలుచుండును. కావున నీ నియమముయొక్క చరిత్రము విచారింపఁదగినది.

యాజ్ఞవల్క్యస్మృతి ప్రధానముగా సభల తారతమ్యమును జెప్పినది. రాజనియుక్తులు, పూగములు, శ్రేణులు, కులములు అను వానిలో ముందు చెప్పఁబడినది తరువాతిదానికంటె బలవత్తరము. ఆ స్మృతియే ఋణప్రకరణమున ఆధిని, అనఁగా కుదువను, గోప్యము భోగ్యము అని విభజించినది. దానికి వ్యాఖ్యయైన విజ్ఞానేశ్వరుని మితాక్షరను 13వ శతాబ్దమున కేతన తెనిఁగించెను.

1802లో చెన్నపురి రాజధానియందు జిల్లా అదాలతులు నెలకొనఁగా అధికారమునకు ఎల్లలు ముఖ్యములయ్యెను. 1859 నాటి 8వ చట్టము స్థావరవ్యాజ్యములను ఆస్తియున్నచోటను, తక్కినవానిని వ్యాజ్యకారణము పుట్టినచోటనో ప్రతివాది నివసించుచోటనో వేయవలెనని విధించెను. 1908 నాటి సివిల్ ప్రొసీజరు కోడు 16వ సెక్షనులో, కుదువసొత్తును అమ్మించుటకును విడిపించుకొనుటకును వేయు వ్యాజ్యములు సొత్తున్నచోటనే నడువవలెనని స్పష్టపఱచెను. నెల్లూరి పొలమును కుదువపెట్టి బెజవాడలో సొమ్ము గైకొన్నవానిపై, సొమ్మునకు మాత్రమే బెజవాడలో వ్యాజ్యము వేయవచ్చును. పొలమును అమ్మింపవలెనన్న నెల్లూరికే పోవలెను. కుదువఋణమునకై సొమ్ముడిక్రీ పొందినను, వేఱొక విక్రయవ్యాజ్యము లేక ఆ పొలమును వేలము వేయింపరాదని 34వ ఆర్డరు శాసించినది.

రాజధానీనగరముల హైకోర్టుల మూలాధికారమునకు 16వ సెక్షను వర్తింపదు. అచ్చట 1865 నాటి లెటర్సు పేటెంటులోని 12వ క్లాజు ప్రమాణము. అందలి ‘భూమికొఱకైన వ్యాజ్యము’ అను మాటలో కుదువవ్యాజ్యము చేరునా? చేరునని కలకత్తా హైకోర్టు తలఁచెను. చేరదని బొంబాయి పూర్ణధర్మాసనము 1927లో తీర్పుచెప్పెను.

1993 నాటి చట్టము బ్యాంకుల పెద్దయప్పులను సివిల్ కోర్టులనుండి తప్పించి ప్రత్యేక ట్రైబ్యునళ్ల కప్పగించెను. 10 లక్షల రూపాయలుగా నుండిన కనీసపు మొత్తము 2018లో 20 లక్షలయ్యెను. 2002 నాటి చట్టము వ్యాజ్యము లేకయే సొత్తును స్వాధీనపఱచుకొను నధికారమును బ్యాంకుల కొసఁగెను. వ్యవసాయభూమికి మాత్రము అది వర్తింపదు. ఋణి మొఱ వినుటకు ముందు బ్యాంకు కోరిన సొమ్ములో నూటికి 75 వంతులు కట్టవలెనను నిబంధనను సుప్రీముకోర్టు 2004లో కొట్టివేసెను. 2016 నాటి సవరణ బ్యాంకునకు తన శాఖయున్నచోట దరఖాస్తు పెట్టుకొను వీలును, ఋణికి సొత్తున్నచోట మొఱపెట్టుకొను వీలును గల్పించెను.

అయినను ఈ ట్రైబ్యునళ్లు మునసబు కోర్టులవలె పలుపట్టణములలో లేవు. ఆంధ్రప్రదేశమున విశాఖపట్టణమునను, తెలంగాణమున హైదరాబాదునను ఉన్నవి. ఎల్లలను నిర్ణయించువారు పటమునే గాక ఋణి నడువవలసిన దారినిగూడ గణింపవలెనని ఈ చరిత్రము బోధించుచున్నది.