బేగంపేటలో నక్షత్రాల లెక్క

ఏకాగ్రత అనగానే మన తెలుగువారికి ముందుగా స్ఫురించేది అవధానం. పృచ్ఛకులు చుట్టూ కూర్చుండి నడుమ నడుమ గంట కొట్టినా, అప్రస్తుత ప్రసంగాలతో అడ్డు తగిలినా, పద్యం చేజారనివ్వని అవధానిని చూచి సభ కరతాళధ్వనులు చేస్తుంది. అది ఒక పూటో, కొన్ని దినాలో సాగే ఏకాగ్రత. చూచేవారెవరూ లేని చోట దాదాపు నలుబది సంవత్సరాలు నిలిచిన ఏకాగ్రత మరొకటి హైదరాబాదులో వర్ధిల్లినది. దానికి సభ లేదు, శాలువ లేదు. నేడు దానిని గురించి నాలుగు మాటలు చెప్పదలచినాను.

1901లో జఫర్ జంగ్ అనే నవాబు ఇంగ్లండు నుండి 15 అంగుళాల దూరదర్శని తెప్పించి, ఫిసల్‌బండలోని తన తోటలో నెలకొల్పినాడు. సంపన్నుల సరదాలు వారితోనే గతించడం లోకరీతి. ఆయన 1907లో మరణించినా ఆ సరదా మాత్రం బ్రతికినది. మరుసటి సంవత్సరం నిజాం ప్రభుత్వం దానిని స్వీకరించినది. అదే 1908 సెప్టెంబరులో మూసీనది పొంగి నగరాన్ని ముంచినది. అంతటి విపత్తు సంభవించిన సంవత్సరంలోనే ఒక ప్రభుత్వం నక్షత్రాలను లెక్కించే భారాన్ని తలకెత్తుకొన్నదంటే నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే.

ఆ భారం మూలం పారిస్‌లో ఉన్నది. 1887లో అక్కడ సమావేశమైన ఖగోళ శాస్త్రజ్ఞులు ఆకాశమంతటినీ ఛాయాచిత్రాలుగా తీసి, కంటికి కనబడని 11వ తరగతి నక్షత్రాల వరకు ఒక్కొక్కదాని స్థానం నిర్ణయించి పట్టిక వేయాలని తీర్మానించినారు. ఏ ఒక్క దేశానికీ సాధ్యమయ్యే పని కాదు గనుక, పొలాన్ని మడులుగా పంచినట్లు ఆకాశాన్ని అడ్డపట్టీలుగా కోసి, సుమారు ఇరువది వేధశాలలకు పంచినారు. కొన్ని మడులు బీడుపడ్డవి. దక్షిణ అమెరికాలోని శాంటియాగోకు అప్పగించిన పట్టీ, ఖమధ్యరేఖకు దక్షిణంగా 17 నుండి 23 డిగ్రీల వరకు గలది, అట్లే నిలిచిపోయినది. దానిని హైదరాబాదు తీసుకొన్నది. చాట్‌వుడ్ అనే ఆంగ్లేయుడు బేగంపేటలో యంత్రాలను నిలబెట్టినాడు. 1914లో ఆయన స్థానంలో పొకాక్ వచ్చినాడు. 1918లో పొకాక్ మరణించగా టి. పి. భాస్కరన్ బాధ్యత వహించి, 1944 వరకు నిజామియా వేధశాలను నడిపించినారు.

పని ఎట్టిదో కొంచెం వివరిస్తాను. ఒక గాజుపలక మీద ఆకాశంలో రెండు డిగ్రీల పొడవు, రెండు డిగ్రీల వెడల్పు గల తునక మాత్రమే పడుతుంది. పూర్ణచంద్రులను నాలుగేసి చొప్పున నాలుగు వరుసలు పేర్చితే ఎంతో అంత. భూమి తిరుగుతున్నది గనుక దూరదర్శని కూడా నక్షత్రాల వెంట తిరగాలి. గడియారపు చక్రాలు దానిని త్రిప్పుతవి. కాని చక్రాలను పూర్తిగా నమ్మరాదు. అందుచేత పరిశీలకుడు ప్రక్కనున్న రెండవ గొట్టంలో కన్ను పెట్టి, గురుతుగా ఎంచుకొన్న నక్షత్రం అడ్డుతీగెల కూడలి నుండి జరగకుండ, జరిగితే వెంటనే సవరిస్తూ, పలక మూసేదాకా కాచుకోవాలి. ఒక్క పలకకు పట్టేది కొన్ని నిముషాలే. ఆ నిముషాలు 1914 నుండి 1929 వరకు, మేఘం లేని రాత్రులలో, వేయికి పైగా పలకలతో గడిచినవి.

అసలు కష్టం పగటిపూట. ప్రతి పలక మీదా 5 మిల్లీమీటర్ల గళ్ళు ముద్రించబడి ఉంటవి. సూక్ష్మదర్శని క్రింద ఆ గళ్ళను ఒక్కొక్కటిగా చూస్తూ, ప్రతి చుక్కా గీతలకు ఎంత దూరమో మిల్లీమీటరులో వేయవ వంతుల దాకా కొలిచి వ్రాయాలి. ఒక గడి అయితే మరొక గడి, ఒక పలక అయితే మరొక పలక.

ఇక్కడ నన్ను ఆకర్షించిన విశేషమొకటి ఉన్నది. ఈ పనిని ఏర్పాటు చేసినవారు మనుష్యుని దృష్టి చెదరదని నమ్మలేదు, చెదురుతుందనే నమ్మినారు. కొలిచేవాని కన్ను ఎప్పుడూ ఏదో ఒక ప్రక్కకు ఒరుగుతుంది. అందుచేత పలు వేధశాలలలో పలకను ఒకసారి కొలిచి, తలక్రిందులుగా త్రిప్పి మరల కొలిచేవారు. ఒరుగుడు ఈసారి ఎదురు దిక్కున పడి, రెండింటి సగటులో అణగిపోతుంది. చిట్టా కూడే గుమాస్తా ఒకసారి పైనుండి క్రిందికీ, మరొకసారి క్రిందినుండి పైకీ కూడడం మనం ఎరిగినదే. అన్నంలో రాయి తగలరాదనుకొనే ఇల్లాలు కూడా ఏరిన బియ్యాన్ని చేటలో మరొకసారి పరచి చూస్తుంది. మనస్సును అదుపులో పెట్టమని ఉపదేశించడం సులభం. అది తప్పిపోయే చోటు కనిపెట్టి అక్కడ కంచె వేయడమే పని తెలిసినవారి లక్షణం.

రోము నగరంలోని వాటికన్ వేధశాల పట్టీని కొలిచినవారు నలుగురు సన్యాసినులు. 1910 నుండి 1921 వరకు వారు 4,80,000కు పైగా నక్షత్రాలను కొలిచినారు. వారి పేర్లు లోకానికి వెల్లడి అయినది 2016లో!

బేగంపేటవారు దక్షిణపు పట్టీతో తృప్తిపడక, జర్మనీలోని పాట్స్‌డామ్ వదలివేసిన ఉత్తరపు పట్టీలో 36 నుండి 39 డిగ్రీల భాగం కూడా తీసుకొన్నారు. 1917 నుండి 1946 వరకు 12 సంపుటాలు వెలువడినవి. వాటిలోని నక్షత్రాల సంఖ్య 7,63,542.

ఇంత చేసి ఏమి లాభం అని అడిగినవారు లేకపోలేదు. వారి ప్రశ్న త్రోసివేయదగినదీ కాదు. ఐరోపాలోని పెద్ద వేధశాలలు ఈ చుక్కల లెక్కలో తలమునకలై ఉండగా, అమెరికావారు నక్షత్రాల వెలుగును విశ్లేషించి, అవి ఏ పదార్థంతో ఏర్పడినవో తెలిసికొంటూ ముందుకు సాగినారు. కొద్దికాలంలో ముగియగలదనుకొన్న పట్టిక చివరి సంపుటం అచ్చయ్యేసరికి 1964 వచ్చినది. పట్టికతోపాటు తలపెట్టిన ఆకాశపటం అసలే పూర్తి కాలేదు. సంపుటాలు గ్రంథాలయాలలో దుమ్ము పట్టినవి. 1968లో హైదరాబాదు ఖగోళ పరిశోధన నగరపు దీపాలకు దూరంగా రంగాపూరుకు తరలినది.

1989లో ఐరోపావారు హిప్పార్కస్ అనే ఉపగ్రహాన్ని పంపినారు. నక్షత్రాలు ఇప్పుడు ఎక్కడ ఉన్నవో అది అతిసూక్ష్మంగా చెప్పగలిగినది. కాని ఎటు కదులుతున్నవో చెప్పడానికి పూర్వం ఎక్కడ ఉండేవో తెలియాలి గదా! ఎంత గొప్ప యంత్రమైనా గడచిన కాలంలోనికి వెళ్ళి కొలవలేదు. అప్పుడు పాత సంపుటాలను దుమ్ము దులిపి తీసినారు. అమెరికా నౌకాదళ వేధశాలవారు వాటిలోని 46 లక్షల నక్షత్రాల స్థానాలను సరిచేసి 1997లో ప్రకటించినారు. ఉపగ్రహం చూచిన స్థానాలతో వాటిని, మరికొన్ని పాత పట్టికలను పోల్చి, 25 లక్షల నక్షత్రాల గమనాన్ని గణించి 2000లో టైకో-2 పట్టిక వెలువరించినారు.

ఒక నక్షత్రం సంవత్సరానికి డిగ్రీలో 3600వ వంతును మరల 50 భాగాలు చేస్తే అందులో ఒక భాగం జరుగుతుందనుకొందాం. 75 సంవత్సరాలకు ఆ జరుగుడు గాజుపలక మీద మిల్లీమీటరులో 40వ వంతు. తలవెంట్రుక మందంలో సగమైనా ఉండదు. ఆ సగం వెంట్రుక కోసమే బేగంపేటలో ఎవరో గడి తరువాత గడి చూస్తూ కూర్చున్నారు.