ఈతమార్ – అరుదైన ఒక హీబ్రూ పేరు, దాని వెనక కథ

పోయిన ఏడాది మా అమ్మాయికి బాబు పుట్టాడు. మా అల్లుడు యూదుడు, న్యూయార్క్‌లో పుట్టి పెరిగినవాడు. పుట్టిన రెండో రోజున అమ్మాయి ఫోన్ చేసి, "నాన్నా, బాబుకి ఈతమార్ అని పేరు అనుకున్నాం. ఎనిమిదో రోజు దాకా బయట ఎవరికీ చెప్పకండి" అంది. బాగుందమ్మా అన్నాను, ఏం బాగుందో తెలియకుండానే. వెనక నుంచి అల్లుడు ఒక మాట అందించాడు: "మీ భాషలో దానికి ఏదైనా చెడ్డ అర్థం ఉంటే ఇప్పుడే చెప్పండి. తరవాత మార్చలేం."

ఫోన్ పెట్టేశాక మా ఆవిడ ముఖం చూశాను. వాళ్ళ నాన్నగారి పేరు పెడతారని ఆశపడి ఉంది పాపం. "ఈతేమిటండీ, ఈదడమా, ఈతచెట్టా? మా ఊళ్ళో ఆవుకి మొదటి ఈత, రెండో ఈత అంటారు. పైగా మధ్యలో తామర కూడా ఉంది. పిల్లాడు జన్మంతా గోక్కుంటూ కూర్చుంటాడు" అంది. నవ్వొచ్చింది కాని, అల్లుడు అడిగింది సరిగ్గా ఇలాంటి సంగతే కదా! చేతిలో ఆరు రోజులు ఉన్నాయి. రిటైరైన ఇంజినీరుని, నాకు మాత్రం వేరే పనేముంది? పుస్తకాలు ముందేసుకుని కూర్చున్నాను. మన పిల్లల్లో యూదులను చేసుకున్నవాళ్ళు ఇప్పుడు తక్కువేం కాదు. మరొకరికి పనికొస్తుందేమోనని నాకు దొరికినదంతా ఇక్కడ రాస్తున్నాను.

ముందు ఉచ్చారణ. హీబ్రూలో ఈ-త-మార్, ఊనిక చివరి "మార్" మీద. ఇంగ్లీషు బైబిల్లో "ఇథమార్" అని "థ" కనిపిస్తుంది, అది గ్రీకు, లాటిన్ అనువాదాల మీదుగా వచ్చిన రూపం. తెలుగు బైబిల్లో "ఈతామారు". కోస్తా జిల్లాల్లో పెరిగిన క్రైస్తవ మిత్రులకి ఈ పేరు కొత్త కాదు, పిల్లలకి పెట్టుకున్నవాళ్ళు నాకు తారసపడలేదు గాని.

ఇక అర్థం. "ఈ" అంటే హీబ్రూలో ద్వీపం, లేదా సముద్రతీరం. "తామార్" అంటే ఖర్జూరపు చెట్టు. రెండూ కలిపి "ఖర్జూరాల దీవి" అని ఎక్కువమంది చెప్పే అర్థం. అయితే "ఈ" అన్న ముక్క అంత అమాయకమైనది కాదు. బైబిల్లో ఈకాబోదు అని మరొక పేరుంది. అక్కడ "ఈ"కి దీవి అని కాక "లేదు" అనో "ఎక్కడ" అనో అర్థం చెబుతారు, "మహిమ ఏదీ?" అని. యుద్ధంలో ఓడిపోయిన రోజున, ప్రసవిస్తూ ప్రాణం విడుస్తున్న తల్లి పెట్టిన పేరది. అందుకని ఈతమార్ విషయంలో కూడా ఈ దీవి మాట తరవాతివాళ్ళు అతికించినదేమోనని అనుమానించే పండితులు ఉన్నారు. తామార్ దగ్గర మాత్రం పేచీ లేదు, అది ఖర్జూరమే. తామార్ అన్నది ఆడపిల్లల పేరుగా బాగా ప్రసిద్ధి. జార్జియా దేశాన్ని 1184 నుంచి 1213 దాకా ఏలిన మహారాణి పేరు కూడా అదే.

ఇక్కడే నాకు తెలుగు కనిపించింది. ఖర్జూరానికి మన నేల మీద పెరిగే చుట్టం ఈతచెట్టు. వృక్షశాస్త్రంలో రెండిటిదీ ఒకే ప్రజాతి. ఈతమార్‌లో ఈత! వెంటనే మా ఆవిడని కేకేశాను. కాని నిజం చెప్పుకోవాలి, ఇది ఒట్టి కాకతాళీయం. హీబ్రూలో పేరు విడేది ఈ+తామార్ అనే గాని ఈత+మార్ అని కాదు. తామర అన్నా అంతే, మన తామరకీ వాళ్ళ తామార్‌కీ చుట్టరికం లేదు. ప్రపంచంలోని ప్రతి మాటకీ తెలుగే తల్లి అని నిరూపించే మిత్రులు మన అసోసియేషన్లలో ఒకరిద్దరు ఎప్పుడూ ఉంటారు, వాళ్ళ చేతికి ఇది దొరక్కుండా ఉంటే మేలు.

అసలైన చుట్టరికం ఒకటి మన వంటింట్లోనే ఉంది. తామార్ అన్న హీబ్రూ మాటకి అరబ్బీలో తోబుట్టువు "తమ్ర్", ఖర్జూరపు పండు. అరబ్బు వర్తకులు మన చింతపండుని చూసి "తమ్ర్ హిందీ", అంటే హిందూదేశపు ఖర్జూరం, అన్నారు. అదే లాటిన్ మీదుగా ఇంగ్లీషులోకి వచ్చి టామరిండ్ అయింది. కాబట్టి మా మనవడి పేరూ, మా పులిహోరలో చింతపండుకి ఉన్న ఇంగ్లీషు పేరూ ఒకే ధాతువు నుంచి వచ్చాయి. ఈ మాట చెప్పిన తరవాత మా ఆవిడ కొంచెం మెత్తబడింది.

ఇంతకీ ఎవరీ ఈతమార్? బైబిలు ప్రకారం మోషేకి అన్న అహరోను, యూదుల మొదటి ప్రధాన యాజకుడు. ఆయనకి నలుగురు కొడుకులు: నాదాబు, అబీహు, ఎలియాజరు, ఈతామారు. పెద్దవాళ్ళిద్దరూ ఆజ్ఞ లేని అగ్నిని దేవుని సన్నిధికి తెచ్చి, ఆ మంటలోనే పోయారు. మిగిలిన ఇద్దరూ ఏడవడానికి కూడా వీల్లేకుండా యాజకత్వం నెత్తిన వేసుకోవలసివచ్చింది. కడగొట్టువాడైన ఈతామారుకి అప్పగించిన పని నాకు భలే నచ్చింది. ఎడారి ప్రయాణంలో ఇశ్రాయేలీయులు మోసుకుపోయిన గుడారపు దేవాలయానికి లెక్కలు రాయించడం, దాన్ని విప్పినప్పుడల్లా సామాను మోయించడం. తెరలు మోసేవారికి రెండు బళ్ళు, నాలుగు ఎడ్లు. పలకలు, స్తంభాలు మోసేవారికి నాలుగు బళ్ళు, ఎనిమిది ఎడ్లు. ఇద్దరి మీదా అజమాయిషీ ఇతనిదే.

నిర్గమకాండం 38వ అధ్యాయంలో ఆ లెక్కలు ఉన్నాయి. బంగారం 29 తలాంతుల 730 షెకెళ్ళు, వెండి 100 తలాంతుల 1,775 షెకెళ్ళు. జనాభా లెక్కలో తేలిన మగవాళ్ళు 6,03,550 మంది, తలకి అర షెకెలు చందా. నాకు ఉద్యోగపు రోజుల అలవాటు పోలేదు, కాగితం మీద వేసి చూశాను. 6,03,550లో సగం 3,01,775. తలాంతుకి 3,000 షెకెళ్ళు కాబట్టి 100 తలాంతులంటే మూడు లక్షలు, పైన 1,775. సరిగ్గా సరిపోయింది! వంద తలాంతులు వంద దిమ్మలకి, మిగిలిన 1,775 స్తంభాల కొక్కేలకి, పూతకి, బద్దలకి అని ఖర్చు కూడా రాసి ఉంది. మన అసోసియేషన్ బాలన్స్ షీట్లు చూసినవాళ్ళకి దీని విలువ తెలుస్తుంది.

ఈతామారు వంశం తరవాత ఏమైంది? షిలోహులో బాలుడైన సమూయేలుని పెంచిన ఏలీ ఈ శాఖవాడని సంప్రదాయం. పైన చెప్పిన ఈకాబోదు ఆ ఏలీకి మనవడే. దావీదు రాజు దగ్గర యాజకుడిగా ఉన్న అబ్యాతారుదీ ఈ వంశమే. దావీదు తరవాత గద్దె ఎవరికన్న తగాదాలో అబ్యాతారు తప్పు పక్షాన నిలబడ్డాడు. సొలొమోను అతన్ని చంపకుండా సొంత ఊరికి వెళ్ళగొట్టాడు. అంతటితో యెరూషలేములో పెద్ద పదవి ఎలియాజరు శాఖకి పోయింది. యాజకులని 24 వంతులుగా విడదీసినప్పుడు కూడా ఎలియాజరు వారికి 16, ఈతామారు వారికి 8. తమ్ముడి వాటా సగమే.

కాని కథ అక్కడితో ఆగలేదు. యూదులకి దాయాదులని చెప్పదగ్గ సమరయులు అనే చిన్న సమాజం ఒకటి ఉంది. ఇప్పటికీ వెయ్యికి లోపే మనుషులు, నాబ్లస్ దగ్గర గెరిజీము కొండ మీద, టెల్ అవీవ్ పక్కన హోలోన్‌లో ఉంటారు. వాళ్ళ ప్రధాన యాజకత్వం తరతరాలుగా ఎలియాజరు వంశంలో నడిచి, 1624లో మగసంతానం లేక ఆగిపోయింది. అప్పుడు ఆ పదవి ఈతామారు వంశీకులమని చెప్పుకునే కుటుంబానికి వచ్చింది, నేటికీ వారిదే. యెరూషలేములో పోగొట్టుకున్నది రెండు వేల ఏళ్ళు దాటాక కొండ మీద దొరికింది!

పేరు మాత్రం యూదుల్లో కూడా చాలాకాలం పెద్దగా వాడుకలో లేదు. చిత్రమేమిటంటే ఇది ఇంగ్లండులో కనిపిస్తుంది. 644లో రోచెస్టర్‌కి బిషప్పు అయిన కెంటు మనిషి ఇథమార్, ఇంగ్లీషువాళ్ళలో పుట్టి బిషప్పు అయిన మొదటివాడు. వెయ్యేళ్ళ తరవాత పాత నిబంధన పేర్లంటే మోజు పడ్డ ప్యూరిటన్ల వల్ల న్యూ ఇంగ్లండులోనూ అక్కడక్కడా వినిపించింది. లింకన్ దగ్గర ఖజానా చూసి, పాత పదివేల డాలర్ల నోటు మీదికెక్కిన సాల్మన్ చేజ్ తండ్రి పేరు ఇథమార్ చేజ్.

బ్రెజిల్‌లో దీనికి వేరే పురాణం ఉంది. 1992 చివర నుంచి రెండేళ్ళు అధ్యక్షుడిగా ఉండి, 1994లో రియాల్ నాణెం తెచ్చిన ఇతమార్ ఫ్రాంకో 1930లో ఓడలో పుట్టాడు. ఆ కంపెనీ ఓడల పేర్లన్నీ "ఇత"తో మొదలయ్యేవి, పోర్చుగీసులో "మార్" అంటే సముద్రం. రెండూ కలిపి ఆ పేరు పెట్టారని అక్కడ చెప్పుకుంటారు. దీవి కాకపోయినా మొత్తానికి నీళ్ళు వదలలేదు.

నన్ను అన్నిటికంటే ఆపేసినవాడు మరొకడు. చచ్చిపోయిందనుకున్న హీబ్రూని మళ్ళీ ఇంటి భాషగా చెయ్యాలని పట్టుపట్టిన ఎలియెజెర్ బెన్-యెహుదా కొడుకు. 1882లో యెరూషలేములో పుట్టాడు. అప్పుడు పెట్టిన పేరు బెన్-సియోన్, పెద్దయ్యాక తనే ఇతమార్ బెన్-అవీ అని మార్చుకున్నాడు. "బెన్-అవీ" అంటే మా నాన్న కొడుకు. పైగా "అవీ"లో ఉన్న మూడు అక్షరాలూ తండ్రి పేరులోని పొడి అక్షరాలే. ఆధునిక కాలంలో హీబ్రూ మాతృభాషగా పెరిగిన మొదటి పిల్లవాడు ఇతనేనంటారు. ఎలా పెరిగాడో వినండి. మరొక భాష చెవిన పడకూడదని తండ్రి అతన్ని తోటి పిల్లలతో కలవనివ్వలేదు. నాలుగో ఏడు దాకా నోట మాట రాలేదని చెబుతారు. ఒకరోజు తల్లి మరిచిపోయి రష్యన్ జోలపాట పాడుతుంటే తండ్రి వచ్చి అరిచాడట. ఆ గొడవకి బెదిరి పిల్లవాడు మొదటిసారి నోరు తెరిచి "అబ్బా" అన్నాడట. హీబ్రూలో అబ్బా అంటే నాన్న.

ఆ కథ చదివి ఆ రాత్రి నాకు నిద్రపట్టలేదు. మా అమ్మాయికి తెలుగు అర్థమవుతుంది, మాట్లాడితే ఇంగ్లీషే. శనివారాలు తెలుగు బడికి కారులో ఏడుస్తూ వచ్చేది, ఒకనాడు నేనే విసిగిపోయి మానిపించేశాను. బెన్-యెహుదాలాగా చేస్తే పిల్లవాడి బాల్యం పోతుంది, నాలాగా చేస్తే భాష పోతుంది. ఆ కొడుకు తండ్రిని ద్వేషించలేదు. పెద్దయ్యాక హీబ్రూ పత్రికలే నడిపాడు, 1927లో తండ్రి జీవితచరిత్ర రాశాడు. అది కూడా ఇంగ్లీషు అక్షరాలలో, హీబ్రూకి రోమన్ లిపే మేలని వాదిస్తూ! ఒకప్పుడు ఇంటర్‌నెట్‌లో ఆర్.టి.ఎస్.లో తెలుగు రాసుకున్న మనవాళ్ళం అతన్ని చూసి నవ్వకూడదు. ఆ వాదం నెగ్గలేదనుకోండి. అతను 1943లో అమెరికాలో పోయాడు.

ఒక సంగతి దాచకూడదు. ఇజ్రాయెల్‌లో ఇప్పుడు ఈ పేరు బాగానే వినిపిస్తుంది, అరుదైనది మన అమెరికాలోనే. పైగా వార్తల్లో కూడా ఉంది. ఈతామారు సమాధి అని చెప్పే చోటు నాబ్లస్ దగ్గర అవర్తా అనే పాలస్తీనా ఊళ్ళో ఉంది. ఆ పక్కన 1984లో వెలసిన ఇజ్రాయెలీ సెటిల్‌మెంట్‌కి ఈ పేరే పెట్టారు, అక్కడ నెత్తురు పారిన సందర్భాలు ఉన్నాయి. 2022 చివర్లో మంత్రి అయిన బెన్-గ్విర్ మొదటి పేరు కూడా ఇతమారే. ఈ పేరు ఇంటర్‌నెట్‌లో వెతికితే ముందు కనిపించేది ఆయనే. ఇది అల్లుడికి చెప్పాలా వద్దా అని తటపటాయించి, చివరికి చెప్పాను. అతను కాసేపు మాట్లాడలేదు. "తెలుసు. దాని గురించి మేం చాలా మాట్లాడుకున్నాం. పేరు ఆయనకంటే చాలా పాతది, ఆయనకి వదిలెయ్యదలచుకోలేదు" అన్నాడు. నేను మరి రెట్టించలేదు.

మరి ఈ పేరే ఎందుకని అడిగాను. తూర్పు ఐరోపా యూదులు బతికున్నవాళ్ళ పేరు పిల్లలకి పెట్టరు, పోయినవారిదే పెడతారు. అమెరికాలో చాలామంది పేరంతా కాక మొదటి అక్షరం నిలిపితే చాలనుకుంటారు. అతని తాతగారి పేరు ఇంగ్లీషు "ఐ"తో మొదలయ్యేది. ఇక ఖర్జూరం మా అమ్మాయి కోరిక. బయాలజీ చదువుకున్న పిల్ల కదా, మసాడా కోట తవ్వకాల్లో దొరికిన రెండు వేల ఏళ్ళనాటి ఖర్జూరపు గింజని 2005లో నాటితే మొలిచిందన్న వార్త అప్పుడే కత్తిరించి దాచుకుంది. ఆ మొక్కకి మెతూసెలా అని పేరు పెట్టారు. ఖర్జూరంలో ఆడచెట్టు వేరు, మగచెట్టు వేరు. అది మగదని తేలింది, అంటే కాయదు. తరవాత మరికొన్ని పాత గింజలు మొలిపించారు. వాటిలో హన్నా అనే ఆడచెట్టు మెతూసెలా పుప్పొడితో ఫలదీకరణ చెంది, 2020లో 111 పళ్ళు ఇచ్చింది.

ఎనిమిదో రోజు ఉదయం సున్తీ వేడుకలో పేరు చదివారు. మా లెక్కలో పదకొండో రోజు రావడానికి ఇంకా మూడు రోజులుంది. అల్లుడి ప్రశ్నకి జవాబుగా, చెడ్డ అర్థమేమీ లేదని, ఆవు ఈత సంగతి పెద్దగా పట్టించుకోనక్కరలేదని ముందే చెప్పేశాను. మధ్య పేరుగా మామగారి పేరు చేర్చారు, మా ఆవిడకి తెలియకుండా అమ్మాయే చేయించింది. ఇప్పుడు మా ఇంటికి వచ్చినప్పుడల్లా మా ఆవిడ వాణ్ణి ఈతపండూ అని పిలుస్తోంది. వాడు తల తిప్పి చూస్తున్నాడు.