నీటిపాములు – మన తీరము నేర్పిన పాఠము

చెరువులో తల యెత్తి యీదుచున్న పామును చూచినంతనే స్నానమునకు దిగినవారు గట్టెక్కుదురు. సముద్రముపై వల లాగు జాలరి మాత్రము అందు చిక్కిన పామును తోక పట్టి నీటిలోనికి విసరి, తన పనిలో తాను మునిగిపోవును. ఈ యిద్దరిలో ప్రాణాపాయమునకు చేరువగా నున్నవాడు తరచు రెండవవాడే. ఈ తారతమ్యమును శాస్త్రము గ్రహించిన చరిత్రలో మన విశాఖపట్టణమునకు గౌరవస్థానము కలదు.

స్కాట్లండు దేశీయుడగు వైద్యుడు పాట్రిక్ రస్సెల్ 1780 తరువాతి సంవత్సరములలో విశాఖపట్టణమున నివసించెను. 1785లో ఈస్టిండియా కంపెనీ ఆయనను ప్రకృతిశాస్త్రజ్ఞునిగా నియమించినది. ఏ పాము విషసర్పము, ఏది కాదు అనునది సామాన్యుడు గుర్తించుటెట్లని ఆయన విచారించెను. పాములను సేకరించి కోరలు పరిశీలించెను. కోళ్ళపైనను కుక్కలపైనను విషమును పరీక్షించెను. నాడు పాముకాటుకు మందుగా ప్రసిద్ధికెక్కిన తంజావూరు మాత్రలను సైతము, విని నమ్మక, పరీక్షకు పెట్టెను. ఆ మాత్రలలో పాషాణము కలిసియుండెడిది.

కోరమాండలు తీరపు సర్పములను గూర్చి ఆయన రచించిన గ్రంథము 1796లో వెలువడినది. అందలి చిత్రములకు స్థానికులు వాడు పేర్లనే చేర్చెను. ‘కాటుక రేకుల పొడ’ అని అందు కనబడు రక్తపింజరికి ఆంగ్లమున నేడు రస్సెల్ పేరే నిలిచినది. మన ‘బంగారు’ శబ్దమునుండియే కట్లపాముల శాస్త్రనామమైన ‘బుంగారస్’ పుట్టినది. ‘నీలికోయ’ అని చిత్రింపబడిన చెరువుపామునకు 1799లో ష్నైడరు అను జర్మను పండితుడు లాటినులో ‘జాలరి’ అని అర్థమిచ్చు పేరు పెట్టెను. అది మన నీరుకట్టెయే. కరచిన నెత్తురు వచ్చును గాని, దానివలన ప్రాణభయము లేదు.

సముద్రసర్పముల సంగతి వేరు. వాని తోక ప్రక్కలనుండి నొక్కినట్లు చదునై, తెడ్డువలె నుండును. రస్సెల్ వీనిని కూడ వర్ణించెను గాని, ఆ విషము మానవశరీరమున చేయు పని చాలకాలమునకు గాని స్పష్టపడలేదు. 1950 తరువాత మలయా దేశపు పెనాంగులో అలిస్టైర్ రీడ్ అను వైద్యుడు, కాటుకు గురియైన జాలరులను శ్రద్ధగా పరిశీలించెను. కాటు చోట నొప్పిగాని వాపుగాని దాదాపు ఉండదు. కొంతసేపటికి ఒడలెల్ల కండరములు నొచ్చి బిగిసికొనును. కొన్ని గంటలకు మూత్రము నల్లబారును. విషము కండరములను చెరచుటయే దీనికి కారణమని 1961లో ఆయన వివరించెను. కరచిన ప్రతిసారియు విషమెక్కదనియు, అధికసంఖ్యాకులకు గట్టి ప్రమాదము కలుగదనియు కూడ ఆయన పరిశీలనవలన తేలినది.

నొప్పి లేదని ఊరకుండుటయే ఇందలి మోసము. వల విదల్చునపుడు, చేపలు వేరుచేయునపుడు, బురదనీట నడచునపుడు చేతులు కాళ్ళు జాగ్రత్త. వలలో పామున్నచో పొడవైన కఱ్ఱతో తొలగింపవలెను. చచ్చినదనుకొన్న పామునైనను ముట్టరాదు. కరచినచో గాయమును కోయుట, నోట పీల్చుట, త్రాటితో బిగించి కట్టుట తగదు. కరచిన అవయవమును కదలనీయక, రోగిని నడిపింపక ఆసుపత్రికి చేర్పవలెను. మన దేశమున వాడుకలో నున్న విషహర ఔషధము నాగుపాము, కట్లపాము, రక్తపింజరి, చిన్నపింజరి – ఈ నాలుగు నేలపాముల విషమునకు విరుగుడుగా తయారైనది. సముద్రసర్పము అందు చేరలేదు. కాబట్టి శ్వాసను, మూత్రపిండములను కాపాడు వైద్యము సకాలమున అందుట ముఖ్యము.

చెరువులోని ప్రతి పామును నీరుకట్టె యనుకొనుటయు పొరపాటే. నాగుపాము చక్కగా ఈదగలదు. పోల్చలేని పాము కరచినచో వైద్యుని చూచుటయే క్షేమము. నీరుకట్టెను చంపనక్కరలేదు, సముద్రసర్పమును చులకన చేయరాదు. ఈ వివేకము మన పెద్దలు పాములకు పెట్టిన పేర్లతో ఆరంభమైనది. దానిని నిలుపుకొనుట మన వంతు.