చేలో దిగిన పెట్టె

హైదరాబాదు నుంచి ఎగిరే పరిశోధన బెలూన్లకు వేలాడే పెట్టె మీద ఒక చిరునామా ఉంటుంది. దొరికినవాళ్లు పెట్టె విప్పకూడదు, ఆ చిరునామాకు కబురు చేయాలి. తగిన బహుమతి ఇస్తారు, కబురుకైన ఖర్చూ ఇస్తారు. విశ్వకిరణాల పరిశోధన లెక్కల్లో ఒకప్పుడు ఒక రైతు కొట్టిన తంతి ఖర్చుకీ చోటుండేదని తెలిసి ఎంత మురిసిపోయానో!

బెలూన్లు ఎగరేసేది ఈసీఐఎల్ దగ్గరి టాటా మౌలిక పరిశోధన సంస్థ (టీఐఎఫ్ఆర్) కేంద్రం. అది 1969లో వచ్చింది. అంతకుముందు ఉస్మానియా యూనివర్సిటీ ఆవరణ నుంచే ఎగరేసేవాళ్లు. చలికాలం తెల్లవారుజామున జీడిమెట్లలో నైట్ షిఫ్టు దిగి గేటు బయట టీ తాగుతూ తలెత్తితే, కింద ఇంకా చీకటిగా ఉండగానే పైన ఎండ తగిలి ముత్యంలా మెరిసే చుక్క ఆ బెలూనే. చుక్కంటే చిన్నదేం కాదు. పల్చటి ప్లాస్టిక్‌తో చేసి హైడ్రోజన్ నింపిన ఆ బెలూన్ అడ్డకొలత 50 నుంచి 85 మీటర్లు. 30, 40 కిలోమీటర్ల పైకి పోతుంది. పని కాగానే పెట్టె రంగు పారాచూట్ మీద ఎక్కడో దిగుతుంది. మెదకో, మహబూబ్‌నగరో, కర్ణాటకో.

నాకు అన్నిటికన్నా ఇష్టమైనవి ఎమల్షన్ ప్లేట్ల రోజులు. ఎమల్షన్ అంటే ఫొటో ఫిల్ము మీద ఉండేలాంటి మందపాటి పూత. విశ్వకిరణం దూసుకుపోతే జాడ దాంట్లోనే పడుతుంది. దించి, కడిగి, మైక్రోస్కోపు కింద వెతకాలి. రేడియోలో కిందికి వచ్చేదేమీ లేదు. పెట్టె దొరక్కపోతే ప్రయోగం జరగనట్టే. అంటే అంత చదువూ, అంత ఖర్చూ చివరికి కందిచేలో నిలబడ్డ మనిషి చేతిలో ఉండేది.

పారిస్‌లో 1783 ఆగస్టు 27న షార్ల్ అనే శాస్త్రవేత్త ఎగరేసిన తొలి హైడ్రోజన్ బెలూన్‌కు అలాంటి మనిషి దొరకలేదు. గొనెస్ అనే ఊళ్లో దిగితే, భూతమనుకుని జనం చీల్చి పోగులు పెట్టారు. ఇలాంటివి చూసి బెదరొద్దని ప్రభుత్వం ప్రకటన వేయాల్సి వచ్చింది. 1961లో గగారిన్ అంతరిక్షం నుంచి దిగినప్పుడు మొదట ఎదురైంది బంగాళదుంపల చేలో ఉన్న అన్నా తఖ్తరోవా, ఆమె మనవరాలు రీటా. వాళ్ల పేర్లు ప్రపంచానికి తెలుసు.

మన పెట్టెలకు కాపలా కాసినవాళ్ల పేర్లు ఏ పాఠ్యపుస్తకంలోనూ లేవు. ఏ ఊరు, ఎవరి చేను, ఎవరు కబురు పెట్టారు అన్నది అప్పుడే పుస్తకంగా వేయాల్సింది. ఆ తరంలో చాలామంది పోయారు. 2022 డిసెంబరులో వికారాబాద్ జిల్లా మొగిలిగుండ్లలో స్పెయిన్ కంపెనీ బెలూన్‌తో పరీక్షకు పంపిన పెద్ద గుండ్రటి క్యాప్సూల్ దిగితే చుట్టుపక్కల ఊళ్లన్నీ కదిలొచ్చాయి. కనీసం వాళ్ల దగ్గరికైనా ఎవరో ఒకరు నోటుపుస్తకం పట్టుకుని వెళ్లాలి.